మేనమామ తెచ్చిన దానిమ్మకాయలు

నాకు భయమేస్తే కోపం వస్తుంది. చిన్నప్పటి నుంచీ అంతే. పరీక్ష రోజు పొద్దున అమ్మ మీద అరిచేదాన్ని. విమానం ఊగితే పక్క సీటాయన మోచెయ్యి తగిలిందని కసురుకున్నాను. ఆ అక్టోబరు చివర్లో నాటింగ్‌హామ్‌లో ఎంతమందిని విసుక్కున్నానో గుర్తు తెచ్చుకుంటే, ఎంత భయపడ్డానో నాకే తెలిసొస్తుంది.

మా అమ్మాయికి అప్పుడు ఎనిమిదేళ్ళు దాటాయి. ఇక్కడే పుట్టింది. తెలుగంతా అర్థమవుతుంది, జవాబు మాత్రం ఇంగ్లిష్‌లోనే ఇస్తుంది. కాబట్టి ఈ కథలో దాని నోట వచ్చే తెలుగు నేను మార్చి చెప్పిన తెలుగే అనుకోండి. ఆ టర్మ్ అంతా బడిలో గ్రీకుల పాఠం. దుప్పటిని భుజం మీద ముడేసుకుని ఇల్లంతా తిరిగేది. గ్రీకు దేవుళ్ళ కుటుంబాన్ని పెద్ద అట్ట మీద గీసి, ఎవరికి ఎవరేమవుతారో గీతలు కలిపి తెమ్మన్నారు టీచర్.

వరసలు కలపడం మనకొకరు నేర్పాలా? పెళ్ళిపందిట్లో ముక్కూ మొహం తెలియనివాళ్ళతో కూడా ఇట్టే వరస కలిపేస్తాం. ఉత్సాహంగా పక్కన కూర్చున్నాను. కాసేపటికే తల తిరిగిపోయింది. దేవుళ్ళ రాజు జియూస్ సొంత తోబుట్టువులతోనే పిల్లల్ని కన్నాడు. పంటల దేవత డిమీటర్ ఆయనకు అక్క. వాళ్ళిద్దరి కూతురు పెర్సెఫనీ. ఆ పిల్ల పూలు కోసుకుంటుంటే నేల చీల్చుకుని వచ్చి పాతాళానికి ఎత్తుకుపోయిన హేడిస్ కూడా వీళ్ళ తోడబుట్టినవాడే. తండ్రి వైపు నుంచి చూస్తే ఆ పిల్లకు పెదనాన్న. తల్లి వైపు నుంచి చూస్తే మేనమామ.

"పెదనాన్నయితే మహాపాపం. మేనమామయితే పూర్వం మనవైపు ఇచ్చేవాళ్ళేలే. మా అమ్మమ్మని వాళ్ళ మేనమామకే ఇచ్చారు," అన్నాను నవ్వుతూ.

అది పెన్సిల్ ఆపి నన్ను చూసింది. "మేనమామ అంటే కోవెంట్రీ మామలాగానా?"

"ఆ. అమ్మకి తమ్ముడు. హేడిస్ కూడా డిమీటర్‌కి తమ్ముడేగా."

అట్ట మీద హేడిస్ బొమ్మ కింద ఇంగ్లిష్ అక్షరాల్లో 'మామ' అని రాసుకుంది. నాకు ముద్దొచ్చింది.

మిగతా కథ అదే చెప్పింది. కూతురి కోసం డిమీటర్ కాగడా పట్టుకుని లోకమంతా తిరిగిందట. అన్నం నీళ్ళు ముట్టలేదట. ఎలూసిస్ అనే ఊళ్ళో బావి పక్కన కూలబడిందట. తరవాత ఆ చోటే పెద్ద పుణ్యక్షేత్రమైంది. ఆవిడ దుఃఖానికి భూమ్మీద గింజ మొలవలేదు. చివరికి పిల్లను పైకి పంపమని హేడిస్‌కు కబురెళ్ళింది. కానీ అప్పటికే ఆ పిల్ల పాతాళంలో దానిమ్మ గింజలు తినేసింది. అక్కడి తిండి తిన్నవాళ్ళు అక్కడివాళ్ళే. అందుకని గింజకో నెల లెక్కన ఏటా కొన్ని నెలలు కిందికి పోక తప్పదు. అవే చలికాలం నెలలు.

"మనకీ ఎలూసిస్ లాంటి చోటుందా?" అని అడిగింది.

మా పల్నాడు ఊరి పొలిమేరలో ఉన్న పోలేరమ్మ గురించి చెప్పాను. గుడీ గోపురం ఏమీ లేవు, పసుపు పూసిన రాయి. కానీ మాట తప్పితే ఊరుకోదు. మొక్కు మరిచిన ఇంటి మీదికి ఆవిడ ఏమేం పంపిందో మా నాయనమ్మ పేర్లతో సహా చెప్పేది. నేను కంప్యూటర్ ప్రోగ్రాముల్లో తప్పులు వెతికి బతికే మనిషిని, అయినా పోలేరమ్మంటే ఇప్పటికీ వణుకే. ఆ వణుకు దాచుకోవడానికి కళ్ళు పెద్దవి చేసి నాటకంలాగా చెప్పాను. అది మాత్రం నాటకమనుకోలేదు. ఇక్కడ నాటింగ్‌హామ్ కింద ఇసుకరాతిలో తొలిచిన పాత గుహలున్నాయి, అంతకుముందే బడివాళ్ళు తీసుకెళ్ళి చూపించారు. హేడిస్ వాకిలి అక్కడే ఎక్కడో ఉండి ఉంటుందని దాని నమ్మకం.

చలికాలం వస్తోందని ఈ దేశంలో గడియారాలు గంట వెనక్కి తిప్పే వారంలో దానికి కడుపునొప్పి వచ్చింది. పొద్దున బొడ్డు దగ్గరన్నది, మధ్యాహ్నానికి కుడిపక్కకు దిగింది. ఆసుపత్రికి చేరేసరికి అపెండిక్స్ పగిలిపోయిందన్నారు. అంతా చకచకా జరిగిపోయింది. సంతకం ఎక్కడ పెట్టానో, ఏం చదివానో నాకు తెలియదు.

"పాపను కిందికి తీసుకెళ్తున్నాం," అంది నర్సు. ఆపరేషన్ థియేటర్ ఆ భవనంలో నేల కింద అంతస్తులో ఉంది.

మంచం లిఫ్ట్‌లోకి వెళ్తుంటే అది నా వేళ్ళు పట్టుకుని, "కిందికా?" అంది. "లిఫ్ట్ కదమ్మా, కిందికీ పైకీ పోతూనే ఉంటుంది," అన్నాను. మత్తుమందు ఎక్కేదాకా నన్నే చూసింది. తరవాత నన్ను బయటికి పంపి తలుపు వేశారు.

ఆ తలుపు ముందు నిలబడి మొక్కుకున్నాను. పోలేరమ్మ తల్లీ, నా బిడ్డ మా ఇంటి గడప తొక్కేదాకా ముద్ద ముట్టను. మా ఇంట్లో ఆడవాళ్ళందరూ చేసే పనే అది. కడుపు మాడ్చుకుని అమ్మవారిని కట్టిపడేస్తారు. మంచినీళ్ళూ టీలూ మినహాయింపు. మా ఆయన అన్నీ విని, "నువ్వు కూడా పడిపోతే ఇద్దర్ని నేనెక్కడ చూసుకునేది?" అన్నాడు. ఆయన మీద అరిచాను. పాపం, నార్తాంప్టన్ ఆఫీసుకు సెలవు పెట్టి, ఇంటికీ ఆసుపత్రికీ తిరుగుతూ స్టీలు బాక్సుల్లో పెరుగన్నం మోసుకొస్తున్న మనిషి. అవన్నీ తెచ్చినవి తెచ్చినట్టే వెనక్కి వెళ్తున్నాయి.

ఆపరేషన్ బాగానే జరిగింది. పిల్లల వార్డు థియేటర్‌కు ఒక్క అంతస్తు పైనే. వాలు మీద కట్టిన భవనం, కిటికీలోంచి చూస్తే కార్ పార్క్ తాలూకు గోడ తప్ప మరేం కనపడదు. నాలుగు దాటితే చీకటి. మొదట్లో సెలైనే ఎక్కించారు. తరవాత డాక్టరు వచ్చి పొట్ట నొక్కి చూసి, ఇక కొంచెం కొంచెంగా తినొచ్చు, తాగొచ్చు, తిండి ఇమిడితే ఇంటికే అన్నాడు. నా ప్రాణం లేచొచ్చింది.

కానీ అది నోరు తెరవలేదు.

టోస్టు వద్దంది. జెల్లీ వద్దంది. ఎంతో ఇష్టమైన చిప్స్ పక్కకు తోసేసింది. మంచినీళ్ళతో పెదాలు తడుపుకుని గ్లాసు పెట్టేసేది. బతిమాలాను. కథలు చెప్పాను. తిట్టాను. మూతి బిగించి గోడవైపు తిరిగి పడుకునేది. చెంపలు లోపలికి పోయాయి, కళ్ళు పెద్దవయ్యాయి. పెద్దావిడ నర్సు ఒకామె నాక్కూడా టోస్టు తెచ్చిపెట్టి, "మీరైనా తినండి," అంటే, "నా కూతురు ఇంటికొచ్చేదాకా నేను తినను, మాకు అలా ఒక పద్ధతి," అని పుల్లవిరుపుగా చెప్పాను. ఆవిడ పాపం ప్లేటు తీసుకెళ్ళింది.

ఈలోగా చూడవచ్చేవాళ్ళు మొదలయ్యారు. రోగి దగ్గరికి ఒట్టి చేతులతో వెళ్ళకూడదు కదా. మా వీధి చివరి ఆంటీ దానిమ్మకాయలు తెచ్చింది, రక్తం పడుతుందని. మా ఆయన స్నేహితుడి కుటుంబం దానిమ్మకాయలు తెచ్చింది. మా పక్కింట్లో అద్దెకుండే ఎం.ఎస్. పిల్లలు డబ్బులేసుకుని దానిమ్మకాయలు తెచ్చారు. తెలుగువాళ్ళకు రక్తం అనగానే ఇంకో పండు గుర్తురాదు. కిటికీ గట్టంతా ఎర్రటి కాయలు చేరాయి. ఒక్కొక్కళ్ళు వచ్చి వెళ్ళిన కొద్దీ మా పిల్ల దుప్పటి ఇంకాస్త పైకి లాక్కునేది. నీరసం అనుకున్నాను.

ఆ మధ్యాహ్నం కోవెంట్రీ నుంచి మా తమ్ముడు వచ్చాడు. వాడికి ఆ పిల్లంటే ప్రాణం. చెవులు కుట్టించినప్పుడు వాడి ఒళ్ళోనే కూర్చోబెట్టాం. అన్నప్రాశనకు మొదటి ముద్ద వాడి చేత్తోనే పెట్టించాం. పొద్దున్నే కూర్చుని దానిమ్మ వలిచి బాక్సు నిండా గింజలు తెచ్చాడు. వేళ్ళన్నీ ఎర్రగా ఉన్నాయి.

"ఏందక్కా, మొహం అట్టా పీక్కుపోయింది? అది ఇంకా ఏం తినలేదంటనే?" అంటూ మంచం దగ్గరికి వెళ్ళి, చెంచాతో గింజలు తీసి వంగాడు. "బంగారం, మామ చేత్తో ఒక్కటి తిను. ఒక్కటంటే ఒక్కటి. తిన్నావంటే మీ ఇంటికి పోవచ్చు."

అది పెట్టిన కేక నాకు ఇంకా చెవుల్లో ఉంది. కాళ్ళు ముడుచుకుని మంచం తలవైపుకు పాకింది. సెలైన్ స్టాండు ఊగి గోడకు కొట్టుకుంది. పక్క మంచాల తల్లులు లేచి నిలబడ్డారు. నర్సులు పరుగెత్తుకొచ్చి వాణ్ణి బయటికి పంపారు. వాడు ఆ బాక్సు పట్టుకుని కారిడార్‌లో కుర్చీలో కూలబడ్డాడు, తను ఏం చేశాడో తెలియక.

కడుపులో భరించలేని నొప్పితో అరిచిందనుకున్నారు డాక్టర్లు. నన్ను బయటికి పిలిచి మెల్లగా చెప్పారు. తినకపోవడం, పొట్ట బిగబట్టడం, ఇలా కేకలు పెట్టడం, ఇవన్నీ చూస్తుంటే లోపల మళ్ళీ చీము పట్టిందేమో అని అనుమానం. రేపు పొద్దుటిదాకా చూస్తారు. ఇలాగే ఉంటే స్కాన్ తీస్తారు. అవసరమైతే మళ్ళీ థియేటర్‌కు తీసుకెళ్ళి పొట్ట తెరిచి చూస్తారు. చాలా మర్యాదగా, నిదానంగా చెప్పారు. ఆ మర్యాదే నన్ను భయపెట్టింది. నీరసించిన ఆ ఒంటిని మళ్ళీ కోస్తే అది తట్టుకుంటుందా? ఆ తలుపు ముందు ఇంకోసారి నిలబడగలనా?

లోపలికి వచ్చి కర్టెన్ లాగాను. భయం ఎప్పటిలాగే కోపమై వచ్చింది.

"ఎందుకే తినవు? నన్ను చంపుదామనా? ఒక్క ముద్ద తింటే ఇంటికి పంపిస్తారే పిచ్చిమొహమా!"

"హేడిస్ కూడా అలాగే అన్నాడు," అంది నీరసంగా. "ఇంటికి పంపిస్తాననే చెప్పి దానిమ్మ పెట్టాడు."

అది గుసగుసగా చెప్పుకుపోయింది. తనను కిందికి తీసుకొచ్చారు. లేచేసరికి కిటికీలో గోడ. అందరూ దానిమ్మలే తెస్తున్నారు. మామ కూడా వచ్చాడు.

"మనం ఎప్పుడో పైకి వచ్చేశాం తల్లీ. ఆ రోజే వచ్చేశాం. ఇది ఉత్త ఆసుపత్రి," అన్నాను దాని చెయ్యి పట్టుకుని.

తల అడ్డంగా ఊపింది. "నువ్వు తినట్లేదు కదా. నేను ఇంటికొచ్చేదాకా తిననని నర్సుతో చెప్పావు, నేను విన్నాను. డిమీటర్ కూడా తినలేదు. కూతురు కింద ఉంది కాబట్టి తినలేదు. నువ్వు తినట్లేదంటే నేనింకా పైకి రాలేదు."

అది తింటే తప్ప ఇల్లు చేరదు. అది ఇల్లు చేరితే తప్ప నేను తినను. నేను తింటే తప్ప అది తినదు. నా బిడ్డ ప్రాణం కోసం నేను కట్టిన కట్టే దాని నోటికి పడింది. దాని వాదనలో పొరపాటు ఎక్కడుందో వెతికాను. నా ఉద్యోగమే అది. నాకేమీ దొరకలేదు.

మొక్కు తప్పాలి. అంతకంటే దారి లేదు. చెప్పడానికి ఎంత చిన్న మాట! మా ఊళ్ళో ఎవర్ని అడిగినా చెబుతారు, పిల్లల పేరు మీద మొక్కిన మొక్కు తప్పితే అమ్మవారు తల్లి జోలికి రాదు. పిల్ల జోలికే వస్తుంది. ఇటు చూస్తే రేపటి కత్తి, అటు చూస్తే పోలేరమ్మ. ముందు నుయ్యి, వెనక గొయ్యి. నాకు ఏడుపొచ్చింది, అక్కడ ఏడవకూడదని కారిడార్‌లోకి వచ్చాను. మా తమ్ముడు ఇంకా అక్కడే ఉన్నాడు.

"ఆ బాక్సు ఇటివ్వు."

"వొద్దులే అక్కా, అది బెదిరిపోతంది."

"దానికి కాదు, నాకు."

వాడి మొహం పాలిపోయింది. వాడూ ఆ ఊరివాడే. "అక్కా, మొక్కు..."

"నోర్మూసుకుని ఇవ్వరా."

మంచం దగ్గరికి వచ్చి, అది చూస్తుండగా గుప్పెడు గింజలు నోట్లో పోసుకున్నాను. తల్లీ, ఈ తప్పు నాది, దీన్ని నా లెక్కలో వేసుకో, పిల్ల వంక చూడొద్దు అనుకుంటూ నమిలాను. ఇన్ని రోజుల ఆకలి మీద ఆ తీపి నాలుకకు తగిలేసరికి కళ్ళు తిరిగాయి. రుచిగా ఉంది. అంత రుచిగా ఉన్నందుకు ఇంకా భయమేసింది.

"నో, మమ్మీ! ఉమ్మెయ్! ఉమ్మెయ్!" అని అది నా దవడ పట్టుకుంది. చేతిలో బలమే లేదు.

"మింగేశాను," అన్నాను. "ఇక్కడి తిండి తిన్నది నేను. ఎవరైనా ఉండాల్సి వస్తే నేనుంటాను. నువ్వేమీ తినలేదు, నీకు అడ్డేమీ లేదు. ఇదిగో, ఈ పెరుగన్నం ఇక్కడిది కాదు, మనింటిది. మీ నాన్న మన వంటింట్లో కలిపి తెచ్చాడు. ఇది తింటే ఎవరూ నిన్ను ఆపలేరు."

అది కర్టెన్ పక్కన నిలబడ్డ మామను చూసింది. "మామ నన్ను వెళ్ళనిస్తాడా?" అని వాణ్ణే అడిగింది.

వాడికి గ్రీకు కథ తెలియదు. అడిగింది మాత్రం అర్థమైంది. "నిన్నెవరు ఆపేది తల్లీ? నేనే కార్లో కూర్చోబెట్టుకుని మీ ఇంటి కాడ దింపుతా."

"మరి అమ్మని?"

"మీ అమ్మని ఆపేటోడు ఇంకా పుట్టలా," అన్నాడు. పైకి మాత్రం నవ్వాడు.

అప్పుడు నోరు తెరిచింది. చిన్న ముద్ద పెట్టాను. ఏడుస్తూ నమిలింది. ఇంకో ముద్ద పెట్టాను. మెతుకులు దుప్పటి మీద పడ్డాయి. కక్కుకుంటుందేమోనని ప్రతి ముద్దకూ ఊపిరి బిగబట్టాను. అది కక్కుకోలేదు. మర్నాడు పొద్దున డాక్టరు పొట్ట నొక్కి, మెత్తగా ఉందన్నాడు. స్కాన్ మాటెత్తలేదు.

ఇంటికి మా తమ్ముడి కార్లోనే వెళ్ళాం. పార్కింగ్ నుంచి బయటికి వస్తుంటే చిన్న ఎండ వచ్చింది. వెనక సీట్లో నా భుజం మీద తలపెట్టుకుని, "నువ్వు ఎన్ని గింజలు తిన్నావు?" అని అడిగింది.

"లెక్కపెట్టలేదు. గుప్పెడు."

"అయితే చాలా నెలలు," అంది. ఇల్లు వచ్చేదాకా నా చెయ్యి వదల్లేదు.

నేనూ వదల్లేదు. వాకిట్లో తమ్ముడు ఎర్రనీళ్ళతో దిష్టి తీస్తుంటే, అది గడప మీద పెట్టే కాలు వైపే చూస్తూ నిలబడ్డాను, అమ్మవారు ఎక్కడ అడ్డం వస్తుందోనని. రాలేదు. అయినా ఆవిడకు తొందరేముంది? తరవాతి వేసవిలో ఊరెళ్ళి ఆ రాయి ముందు సాష్టాంగపడి వచ్చాను. క్షమించిందో లేదో రాయి చెప్పదు. అమ్మాయికి ఇప్పటికీ చిన్న జ్వరం వస్తే నేను ముందు పోలేరమ్మనే తలుచుకుంటాను, తరవాతే మా డాక్టరుకు ఫోన్ చేస్తాను.

అమ్మాయి ఇప్పుడు పెద్ద క్లాసుకు వచ్చింది. గ్రీకు దేవుళ్ళను మరిచిపోయినట్టే ఉంటుంది. మామ వస్తే వాడి కారు తాళాలు లాక్కుంటుంది. కానీ ఏటా గడియారాలు వెనక్కి తిప్పిన వారం నుంచి దానిలో ఏదో మార్పు. నేను ఆఫీసు నుంచి వచ్చేసరికి మెట్ల మీద కూర్చుని ఉంటుంది. తెలుగులో ఒక్క ముక్క మాట్లాడని పిల్ల, నేను చెప్పులు విడిచేలోపే తెలుగులో అడుగుతుంది.

"అమ్మా, తిన్నావా?"

మొదటిసారి విన్నప్పుడు, నాకు ఆకలేస్తుందేమోనని అడుగుతోందనుకుని మురిసిపోయాను. తరవాత దాని కళ్ళు చూశాను. ఆసుపత్రి మంచం మీద గోడవైపు తిరిగిన రోజుల్లో ఉన్న కళ్ళే. నన్ను తీసుకుపోవడానికి ఎవరైనా వచ్చారేమోనని కాపలా కాస్తోంది. తిన్నాను, ఇంటినుంచి తీసుకెళ్ళిన బాక్సే తిన్నాను అని చెబుతాను. అప్పుడు లేచి తన గదిలోకి వెళ్ళిపోతుంది. చలికాలమంతా రోజూ అడుగుతుంది. రోజూ చెబుతాను.